గడువు దాటిన చిన్నకోడలు

సీసాల ఫ్యాక్టరీలో ఆమె కూర్చునే చోట పగలైనా రాత్రైనా ఒకటే వెలుగు. తెల్లటి తెర, దాని వెనక దీపం, ముందునుంచి వరసగా సాగిపోయే ఖాళీ సీసాలు. గాజులో బుడగ కనబడితే, వెంట్రుకంత చీలిక కనబడితే, చెయ్యి చాచి "పక్కన పెట్టు" అనేది. సగం జీవితం ఆ మాటే అంది. తోటి ఆడవాళ్ళు ఆమెను పక్కనపెట్టమ్మ అనేవారు, ఆమె వినకుండా.

వీధిలో మాత్రం ఆమె చిన్నకోడలు. అత్తగారు పోయాక అన్నదమ్ములు ఇంటిని రెండు చేసుకున్నారు. ఆ అన్నదమ్ములూ పోయారు, మధ్యలో కట్టిన గోడ మిగిలింది. గోడకవతల పెద్దకోడలు. ఆమె పనిచేసిందీ అదే ఫ్యాక్టరీలో, ప్యాకింగులో. పంపకాలనాడు నలుగురిలో "నీ మొగుడికి లెక్కలు రావు, నీకు సిగ్గు రాదు" అని పెద్దకోడలు అన్న మాట చిన్నకోడలి గొంతులో ముల్లులా ఉండిపోయింది. ఆ గడప తొక్కనని ఆ రోజే ఒట్టు పెట్టుకుంది.

రిటైరైన ఆడవాళ్ళకు ఫ్యాక్టరీ పింఛను ఎగ్గొట్టినప్పుడు, కేసు వేద్దామని అందరూ చేరింది పెద్దకోడలి ఇంట్లోనే. గోడ పల్చన. సాయంత్రాలు మాటలు అందులోంచి చెమ్మలా దిగేవి. కేసు వెయ్యడానికి గడువు ఎప్పుడో, ఎవరెవరు చేరారో, అన్నీ చిన్నకోడలు ఇవతల కూర్చుని వింది. లేచి వెళ్ళలేదు.

వాళ్ళు గెలిచారు. ఆమె ఇళ్ళల్లో గిన్నెలు తోమింది. ఏళ్ళు గడిచి, మోకాళ్ళు మొరాయించి, ఇల్లు అమ్మి బాకీ తీర్చమంటూ అప్పులవాడు వాకిట్లో నిలబడ్డాక, అప్పుడు వేసింది కేసు. పింఛనూ పాత బకాయిలూ వస్తే ఇల్లు నిలుస్తుంది. లేకపోతే పోతుంది.

"గడువు సంగతి మీకు తెలీదని చెప్పాలమ్మా, అదొక్కటే దారి" అన్నాడు ఆమె లాయరు, ట్రిబ్యునల్ వరండాలో. "మీ తోడికోడలు కూడా అదే సాక్ష్యం చెప్తానంది."

"దాన్నెవరు పిలిచారు?"

"నేనే."

"బుద్ధుందా బాబూ నీకు?"

అప్పటికే పెద్దకోడలు కొత్త చెప్పులు కిర్రుమంటూ మెట్లెక్కి వచ్చింది.

"నీమీద ప్రేమ పొంగి రాలేదే. నెలనెలా పింఛను చేతిలో పడ్డప్పుడల్లా, ఇది నేను పెట్టిన ముద్దని గుర్తుపెట్టుకో. అందుకొచ్చా."

"నీ ముద్ద కుక్కకి పెట్టుకో."

"కుక్కయితే తోకైనా ఊపుతుంది."

లోపల ఫ్యాన్ గాలి కంటే చప్పుడే ఎక్కువ చేస్తోంది. ఫ్యాక్టరీ లాయరు లేచి, "ఇంతకాలం ఈ పింఛను లేకుండానే బతికిన మనిషికి ఇప్పుడెందుకు గుర్తొచ్చింది?" అన్నాడు. "పక్కింట్లోనే అంతా జరిగితే తెలీదంటే నమ్మాలా?"

పెద్దకోడలు తీర్పు చెప్పే అధికారి వైపు తిరిగింది. "మాకు మాటల్లేవయ్యా. కావాలనే చెప్పలేదు. తప్పు నాదే."

"అయితే ఆలస్యం ఈమె వల్ల జరగలేదన్నమాట" అంటూ అధికారి కలం అందుకున్నాడు.

చిన్నకోడలు ఆ అబద్ధం వైపు చూసింది. నున్నగా, తళతళలాడుతూ, లోపల బుడగతో ఆమె ముందునుంచి సాగిపోతోంది. చెయ్యి దానంతటదే లేచింది.

"అబద్ధం" అంది. "వచ్చి తలుపు కొట్టింది. గడువు ఎప్పుడో వీధంతా వినబడేలా అరిచి చెప్పింది. నేనే తియ్యలేదు."

"ఎందుకు తియ్యలేదమ్మా?" అన్నాడు అధికారి.

"కొట్టింది ఇది కాబట్టి."

ఆమె లాయరు తల పట్టుకున్నాడు. అధికారి కేసు కొట్టేశాడు.

"నీ నోట్లో మట్టి!" అంది పెద్దకోడలు బయట మెట్లమీద. "చేతికందిందాన్ని కాలదన్నుకుంటావా?"

"నా నోరు, నా మట్టి."

ఆ మధ్యాహ్నమే వీధిలో తన గుమ్మం ముందు నిలబడి చిన్నకోడలు అరిచింది. "ఇల్లు అమ్మేస్తున్నా. కొంటావా?"

పెద్దకోడలు తన గుమ్మంలోకి వచ్చింది. "ఎంత?"

చిన్నకోడలు చెప్పిన ధర విని ఎదురింటివాళ్ళు నవ్వారు. పెద్దకోడలు తిడుతుందని, తిడితే ఆ కసి మీద ఎవరికైనా అమ్మేయొచ్చని ఆమె లెక్క.

"సరే" అంది పెద్దకోడలు.

ఆ 'సరే' చెంపమీద పడ్డట్టయింది.

"బేరమాడు."

"ఆడను."

"ఈ కొంప అంత చెయ్యదు!"

"తెలుసు. అయినా నువ్వడిగిందే ఇస్తా."

"నీ బోడి దయ నాకక్కర్లేదు. సగమే ఇవ్వు."

"సగానికి నేను కొననే!"

అమ్మే మనిషి దించుతోంది, కొనే మనిషి ఎత్తుతోంది. వీధి నోరు తెరుచుకుని చూస్తోంది. వసూలుకొచ్చిన అప్పులవాడు ఆగలేక, "పెద్దమ్మగారి మాటే ఖాయం చేసుకోమ్మా" అన్నాడు.

"నువ్వు నోర్ముయ్" అన్నారు ఇద్దరూ ఒకేసారి.

పొద్దువాలేసరికి బేరం ముప్పావుకు తెగింది. తెగాక చిన్నకోడలికి ఓడిపోయినట్టే అనిపించింది. పెద్దకోడలికీ అలాగే అనిపించింది.