పంపు తాత కోటు గుండీ

నీళ్ళ ఆఫీసులో ముప్పై ఏళ్ళుగా ఒకే పంపును చూసుకుంటున్నాడు కాబట్టి ఆయన్ని అందరూ పంపు తాత అనేవారు. చెవి కాస్త మందం. నాయనమ్మ పదిసార్లు పిలిచినా పలకడు గానీ, పంపు గొంతు కొంచెం మారితే వీధి చివరి నుంచే పట్టేస్తాడు.

ఆ పంపు సముద్రం అవతలి పెద్ద దేశం స్నేహంగా ఇచ్చింది. ఊళ్ళో ఆ దేశం పేరు పెద్దన్న. తినే పిండి పెద్దన్నది, బస్సుల టైర్లు పెద్దన్నవి, ఆసుపత్రిలో సూది కూడా పెద్దన్నదే. పంపు మూతకు తీగ చుట్టి సీసంతో ముద్ర వేశారు. పెద్దన్న పంపిన ఇంజినీరు తప్ప ఎవరూ దాన్ని విప్పకూడదని ఒప్పందం. మూణ్ణెల్లకోసారి ఆయన వచ్చి, తీగ కోసి, కుర్చీలో కూర్చుని పేపరు చదివేవాడు. లోపల తుడిచి గ్రీజు పెట్టేది తాత. ఆ తర్వాత ఇంజినీరు కొత్త ముద్ర నొక్కి, మసి అంటని చేతుల్ని శుభ్రంగా తుడుచుకుని వెళ్ళిపోయేవాడు.

ఆ ఏడాది ఏదో పెద్ద సభలో పెద్దన్న ఎత్తమన్నప్పుడు మన మంత్రి చెయ్యి ఎత్తలేదట. పెద్దన్న అలిగాడు. ఇంజినీరు రావడం మానేశాడు. ఐదో నెలకల్లా పంపు మూలగడం మొదలుపెట్టింది.

"బేరింగు ఎండిపోయింది సార్. ఇంకో రెండు రోజులు తిరిగితే పట్టేస్తుంది" అన్నాడు తాత సూపర్నెంటుతో.

"ఉత్తరం రాశాం కదయ్యా."

"పంపుకి చదువు రాదు సార్."

సూపర్నెంటు నవ్వలేదు. "ముద్ర జోలికి వెళ్ళావో, ఉద్యోగంతో పాటు పింఛనూ పోతుంది. ఏడు నెలలు కళ్ళు మూసుకుంటే హాయిగా దిగిపోతావు."

మధ్యాహ్నం తాత భోజనానికి ఇంటికొచ్చేసరికి నాయనమ్మ కుళాయి కింద బకెట్టు పెట్టి కూర్చుంది.

"మన కుళాయికి మీ పోలికలొచ్చాయండీ. గొణుగుడే గానీ పని లేదు."

"ముద్ర కోస్తే పింఛను పోతుందే."

"కొయ్యకపోతే?"

"ఊరికి నీళ్ళు పోతాయి."

"మరి పింఛను తెచ్చుకుని ఏం తాగుదామని?"

తాత చెయ్యి కడుక్కున్నాడు, అదీ అరచెంబుతో.

మర్నాడు పొద్దున సూపర్నెంటు మీటింగుకు వెళ్ళగానే పంపు ఆపి, తీగ కోశాడు. అరగంట పని, గుప్పెడు గ్రీజు. పంపు మళ్ళీ అన్నం తిన్న పిల్లిలా గురగురలాడింది. ఇప్పుడు ముద్ర ఎలా? పాత సీసాన్నే కరిగించి తీగకు పోశాడు. నొక్కడానికి అచ్చు లేదు. కిందికి చూసుకుంటే యూనిఫాం కోటుకు ఇత్తడి గుండీ కనిపించింది. దాని మీద దేశపు గుర్తు, వరి వెన్ను పట్టుకున్న పిట్ట. గుండీ తెంపి సీసం మీద పెట్టి సుత్తితో ఒక్కటిచ్చాడు. ముద్ర పడింది, గుండీ అప్పడమైంది.

మూణ్ణెల్ల తర్వాత ఇంకో సభలో మంత్రి అడక్కుండానే రెండు చేతులూ ఎత్తాడట. ఇంజినీరు దిగాడు. తాత కోటు మీద గుండీ లేనిచోట అరచెయ్యి అడ్డం పెట్టుకుని నిలబడ్డాడు. గుండె ఎంత గట్టిగా కొట్టుకుందంటే ఆయన చెవికే వినపడింది.

ఇంజినీరు కళ్ళజోడు పెట్టుకుని ముద్రను అటూ ఇటూ తిప్పాడు. ఆ పిట్ట ఇక్కడి నాణేల మీద ఉంది, మంత్రుల కార్ల మీద ఉంది, బళ్ళో పుస్తకాల అట్టల మీద ఉంది. ఆయన ఈ దేశానికి పదకొండేళ్ళుగా వస్తున్నాడు.

"ముద్ర చెక్కుచెదరలేదు" అన్నాడు. "ఎనిమిది నెలలు ఎవరూ తాకకపోయినా ఇంత చక్కగా నడిచిందంటే, అదీ మా పనితనం. ఇక నేను ఏడాదికోసారి వస్తే చాలు."

ముద్రను ఒక్క చూపులో పోల్చుకున్న సూపర్నెంటుకు ఉన్నట్టుండి దగ్గు పట్టుకుంది. దగ్గుతూనే కాగితం మీద సంతకం పెట్టాడు.

ఆ సాయంత్రం నాయనమ్మ కోటు ఒళ్ళో వేసుకుని కొత్త గుండీ కుడుతోంది.

"రెండోది వదులుగానే ఉంచవే" అన్నాడు తాత.

"ఎందుకూ?"

"నేను దిగిపోయేలోగా ఇంకోసారి గ్రీజు పెట్టాలి."