వలలు దాటిన మోకాలు

నా మనవరాలు ఇండియా తరఫున నెట్‌బాల్ ఆడుతుంది. ఈ మాట చెబితే మా ఊళ్ళో సగం మంది వాలీబాల్ అనుకుంటారు, మిగతా సగం ఏదో ఒకటిలే అనుకుంటారు. ఆట తెలియకపోయినా దాని పక్కన నిలబడి ఫోటో దిగడం మాత్రం అందరికీ తెలుసు. ఆ ఫోటోలు చూస్తే నాకు ఇప్పటికీ రోత పుడుతుంది. ఎండు చేపల బుట్ట నెత్తిన మోసినా అంత రోత పుట్టదు.

ఆట సంగతి నేను చూసి నేర్చుకున్నంత చెబుతాను. ఇనప గుంజకు పైన ఒక రింగు, దానికి వల. వెనక పలక ఉండదు. బంతి చేతికి వచ్చాక నడవకూడదు, నేలకేసి కొట్టుకుంటూ పరుగెత్తకూడదు. మూడు అంకెలు లెక్కపెట్టేలోపు ఇంకొకరికి విసిరెయ్యాలి. గాల్లోకి ఎగిరి పట్టుకుంటారు, దిగిన చోట మేకు కొట్టినట్టు కాలు ఆగిపోవాలి. ఆ ఆగడంలోనే పిల్లల మోకాళ్ళు పోతాయి. మా పిల్ల రింగు దగ్గర నిలబడి బంతి వేసే మనిషి. పొడుగ్గా ఉంటుంది, తాతలాగా.

మాది ఒడిశా తీరంలో బరంపురం దగ్గరి రామయ్యపట్నం, తెలుగు జాలర్ల ఊరు. దాని తండ్రి, అంటే నా కొడుకు, కేరళ వైపు బోట్ల మీద పని చేస్తాడు. తల్లీ నేనూ ఇసకలో చేపలు ఎండబెడతాం. పిల్లకు ఏడో ఎనిమిదో ఏళ్ళున్నప్పుడు రేవులో ఆడుకుంటుంటే బంతి దొర్లి ఒక వల అవతల పడింది. ఇది ఒక్క గెంతు గెంతి వల దాటింది. ఆ వల నా భర్తకు వరస తమ్ముడయ్యే మరిదిది. ఇప్పుడు ఊరి పెద్దల్లో ఒకడు. ఆడపిల్ల వల దాటితే గంగమ్మ చేపను పక్క ఊరికి తోలేస్తుందని మావాళ్ళ నమ్మకం. రేవంతా వినిపించేలా అరిచాడు. వలను పసుపునీళ్ళతో కడిగించి, నా చేత కొబ్బరికాయ కొట్టించి, మా కోడిని కోయించాడు. గుడ్లు పెడుతున్న కోడి అది. దాని కూర ఆయనే తిన్నాడు.

తరవాత పిల్లను బరంపురంలో హాస్టల్లో పెట్టాం. అక్కడి ఒడియా ఆటల మేడమ్ దాని పొడుగు చూసి ఈ ఆటలోకి దింపింది. పొట్టి గౌను వేసుకుని ఆడాలని తెలిసి ఊరు నవ్వింది. నాకు సిగ్గు వెయ్యలేదు గానీ ఒళ్ళు మండింది. గుడ్డ జానెడు, ధర పట్టుచీరది. బూట్లయితే చెక్క నేల మీద తప్ప వాడకూడదట. దేవుడి గదిలో పాదుకల్లా సంచిలో పెట్టి మోసేది. చెప్పులంటే రోడ్డు మీద నడవడానికి కదా, వాటిని మనం మొయ్యడమేమిటో నాకు ఈనాటికీ అర్థం కాదు. అయినా కొన్నాం. అది జిల్లాకు ఆడింది, రాష్ట్రానికి ఆడింది, చివరికి విమానమెక్కి పరాయి దేశంలో ఆడింది.

అక్కడే, గెలిచిన ఆటలో, ఎగిరి దిగినప్పుడు కుడి మోకాలు మెలిక పడింది. పట్టీతో వచ్చింది. బరంపురం పెద్దాసుపత్రి డాక్టరు చూసి, ఎక్కడం, గెంతడం, నేల మీద కూర్చోవడం వద్దన్నాడు. వచ్చే నెల క్యాంపు ఉంది. అందులో నిలబడితేనే తరవాతి టూరుకు తీసుకుంటారు. ఆ నెల మోకాలిని కాపాడుకోవడం ఒక్కటే దాని పని. మంచం మీద కూర్చోబెట్టి కంచం చేతికిచ్చాను. నా జన్మలో ఎవరికీ అలా చెయ్యలేదు.

ఆ ఏడు చేప లేదు. బోట్లు డీజిలు తాగి ఖాళీగా వచ్చేవి. ఒక సాయంత్రం ఆ మరిది వచ్చి గుమ్మంలో కూర్చున్నాడు.

"ఒదినా, మీ గుంట సముద్రం దాటి గెలిసొచ్చింది. దాని పాదం ఏటనుకున్నావు? లచ్చిమి పాదం. రేపు పొద్దున్న రేవులో నాలుగు వలలు పెడతాం. ఒక్కో వలా దాటి, కొబ్బరికాయ కొట్టీమను. అంతే."

"అది ఇమానంలో ఎల్లింది. సముద్రం ఏటి దాటింది?"

"ఇమానం కింద ఉన్నది సముద్రమే కదేటి?"

"అయితే ఆ ఇమానం తోలినోడిని తెచ్చుకోండి. ఆడు రోజూ దాటతాడు."

నవ్వాడు. "నీ నోరు మారనేదు ఒదినా."

"నీ వల మారిపోనాదా? అప్పుడు దాటితే మైలన్నావు. కోడిని మింగావు."

"అప్పుడు ఉత్త ఆడపిల్ల. ఇప్పుడు ఇండియా," అన్నాడు. ఏ మాత్రం తడుముకోలేదు. ఉమ్మెయ్యాలనిపించింది. నా గుమ్మమే కదా అని ఆగాను.

లోపల్నుంచి మనవరాలు, "వస్తాను తాతా," అంది.

ఆయన వెళ్ళాక అడిగాను. "నీకు మతి ఉందేటే? డాక్టరు ఏటి సెప్పాడు?"

"ఊరోలు ఆశపడతన్నారు నానమ్మా. మెల్లిగా దాటతాను. నాలుగు వలలే కదా, ఏటవుతాది?"

ముఖంలో ఒక నవ్వు. వీపు నిమిరితే తోక ఎత్తే పిల్లిలా. పుట్టి ఇన్నేళ్ళకు ఆ ఊరు దాన్ని ఒక్క మంచి మాట పెట్టి పిలిచింది, దానికే కరిగిపోయింది. ఆయన మీద వచ్చిన రోత కన్నా ఆ నవ్వు మీద వచ్చిన రోత ఎక్కువ.

పొద్దున్న రేవుకు వెళ్ళేసరికి డప్పులు, దాని బొమ్మతో ఒక ఫ్లెక్సీ. దాని మెడలో చెవుల దాకా బంతిపూల దండలు వేశారు. వలలు పరుస్తారనుకుంటే కుప్పలు పోశారు. నా వల పెద్దదంటే నా వల పెద్దదని చూపించుకోవాలి కదా, ఒక్కొక్కటీ మోకాలెత్తు. మొదటిది దాటింది. రెండోది దాటింది. మూడో కుప్ప మీద దండలడ్డమై కిందకు చూసుకోలేదు, వలకు కట్టే బెండు కాలి కింద దొర్లింది. కుడి కాలి మీద దిగింది. దాని నోరు తెరుచుకుని, అరుపు రాకుండానే మూసుకుంది. నాకు ఎదురుగా జరిగింది కాబట్టి చూశాను. మిగతావాళ్ళంతా ఫోన్లు పట్టుకుని దానికి వీపు పెట్టి నిలబడ్డారు, ఫోటోలో తమ ముఖాలు కూడా పడాలి కదా.

"ఇటు సూడమ్మా! నవ్వు!"

ఎడమ కాలి మీద నిలబడి నవ్వింది.

నేను తోసుకుంటూ వెళ్ళి దండలు పీకేశాను. "సాలు. పద."

మరిది అడ్డం వచ్చాడు. "ఒక్కటే ఒదినా. నాది మిగిలిపోనాది."

"దాని కాలు సూడు!"

"ఒక్కటే కదా. మూడు దాటి నాది వదిలేస్తే అమ్మకి కోపం రాదేటి?"

నేను దాన్ని అవతలికి లాగేలోపే మనవరాలు నా భుజం పట్టుకుని, ఒంటికాలి మీద, ఆయన కుప్ప దాటేసింది. కొబ్బరికాయ కూడా కొట్టింది. చప్పట్లు కొట్టారు.

ఆటోలో బరంపురం తీసుకువెళ్ళింది నేనూ దాని తల్లీ. డప్పులు మోగించినవాళ్ళలో ఒక్కడూ రాలేదు. డాక్టరు మోకాలు నొక్కి చూసి, ఒడియాలో పిన్నీ అని పిలుస్తూ, "మావుసీ, మంచం మీద ఉంచమన్నాను, వలల మీద కాదు," అన్నాడు. లోపల ఏదో నరం తెగిందట. కోసి కుట్టాలి. క్యాంపు పోయింది. టూరుకు దాని చోట్లో వేరే అమ్మాయి వెళ్ళింది.

ఆ వారంలోనే మరిది బోటుకు మంచి ధర పలికే కోనాం చేప కుప్పలుగా పడింది. వలలు బరువుకు చిరిగాయని చెప్పుకున్నారు. చెయ్యంత కోనాం పట్టుకుని ఇంటికి వచ్చాడు.

"పాదం పనిసేసింది ఒదినా. ఇదిగో గుంట వాటా."

"కాలు ఎవలిస్తారు?"

"అమ్మ సూసుకుంటాదిలే," అని చేపను గడప మీద పెట్టి వెళ్ళిపోయాడు.

కుక్కలకు వేద్దామనుకున్నాను. చేతులు రాలేదు. కోనాం చేపను కుక్కకు వేసే ఇల్లు కాదు మాది. చింతపండు పులుసు పెట్టాను. నేను ముద్ద ముట్టలేదు.

మనవరాలు కాలు స్టూలు మీద చాపుకుని, కంచం ఒళ్ళో పెట్టుకుని, ఫోనులో తన జట్టు ఆట చూస్తోంది. తన చోట్లో ఆడే అమ్మాయి రింగు కింద నిలబడి వేసింది. బంతి అంచుకు తగిలి బయట పడింది.

"సూడు నానమ్మా, మోచెయ్యి బయటికి ఎల్లిపోతంది. సెప్తాను దానికి, రాత్రికి ఫోన్ సేసి."

"ఆ తాత పెట్టిన సేప నీ గొంతు ఎలాగ దిగుతందే?"

"సేప ఏటి సేసింది?" అంది నములుతూ.

"కాలు బాగుపడ్డాక మళ్ళా పిలిస్తే ఎల్తావేటి?"

ఫోను మీద నుంచి కళ్ళు ఎత్తలేదు. కంచం నా వైపు జరిపింది.

"తలకాయ ఉందా నానమ్మా?"

ఉంది. వేశాను.