గోదారిలో చందువాలు

మా వీధికి చేపలు తెచ్చే ఆవిడ తట్ట దించగానే ప్రతి గుమ్మంలోనూ ఒకటే ప్రశ్న. "ఏమ్మా, గోదాట్లో చందువాలు ఎప్పుడు పడతాయి?" ఆవిడ నవ్వేది కాదు. చేపల మీద నీళ్ళు చిలకరిస్తూ, "గవర్నమెంటు వాళ్ళు వచ్చినప్పుడండి" అనేది.

అప్పట్లో సినిమాకు ముందు హాల్లో ప్రభుత్వం వారి న్యూస్‌రీలు వేసేవారు. దాన్ని తియ్యడానికొచ్చిన కెమెరా వాళ్ళు, వెలుగు బాగుండాలని ఆవిడ మొగుణ్ణి మధ్యాహ్నం దాకా వల వెయ్యనివ్వలేదు. వల ఖాళీగా వచ్చింది. వాళ్ళు బజారుకెళ్ళి చందువాలు కొనుక్కొచ్చి, వలలో పోసి, ఆయన్ని నవ్వమన్నారు.

చందువా సముద్రపు చేప. గోదావరిలో పడదని మా ఊళ్ళో పసివాళ్ళకీ తెలుసు. తెర మీద ఆయన నవ్వుతూ చందువాలు ఎత్తి చూపిస్తుంటే, వెనక ఒక గంభీరమైన గొంతు జాలరుల బతుకు బాగుపడిందని చెప్పింది. హాలంతా పడీ పడీ నవ్వింది. నేనూ నవ్వాను. ఆ తరువాత ఆయన బజారులో తలెత్తి నడవలేదు. కొన్నేళ్ళకు పోయాడు.

మొన్న ఆ రీలు నా ఫోనులో కనబడింది. ఆయనకు వేరే ఫోటో లేదని తెలిసి ఆవిడకు చూపించాను. అరచేత్తో తెర కింది సగం మూసేసి, పైన మొగుడి మొహాన్నే చూస్తూ కూర్చుంది. చెయ్యి తియ్యకుండానే అడిగింది.

"ఆ చేపలు తీసెయ్యడానికి అవదాండీ?"