పద్నాలుగు పాయింటు నాలుగు

ఆ రోజుల్లో నాకు తెలియని సంగతి కూడా ఒకటి ఉండొచ్చని ఎవరూ చెప్పలేదు. చెప్పినా వినే స్థితిలో నేను లేను. ఎలక్ట్రికల్ డిప్లొమా పూర్తిచేసి, ఖరగ్‌పూర్ ఊరి చివర ఇండస్ట్రియల్ పార్క్ దగ్గర సోలార్ దీపాలు తయారుచేసే ఓ చిన్న షెడ్డులో చేరి అప్పటికి నాలుగు నెలలు. చేసే పని దీపాల్ని అట్టపెట్టెల్లో సర్ది టేపు వెయ్యడం. అయినా ఇంట్లో మాత్రం ఇంజినీరు హోదాలోనే మసిలేదాన్ని. ఫ్యాను తిరగడం మానేస్తే అమ్మ నన్ను కాకుండా నాన్నని పిలిచేది, దాన్ని నేను నాకు జరిగిన అవమానాల పద్దులో వేసుకునేదాన్ని. (ఫ్యాను బాగుచేసేది మాత్రం ఎప్పుడూ నాన్నే.)

నాన్న రైల్వేలో బ్యాటరీల మనిషి. రైలు పెట్టెల్లో దీపాలకీ ఫ్యాన్లకీ కరెంటిచ్చే పెద్ద పెద్ద సీసం బ్యాటరీలు పెట్టె కింద ఉంటాయి. వాటికి నీళ్లు పొయ్యడం, ఛార్జి పెట్టడం, మళ్లీ బండికి ఎక్కించడం ఆయన ఉద్యోగం. యాసిడ్ చుక్కలు పడి ఆయన ప్యాంట్లన్నీ జల్లెళ్లయిపోయేవి. ట్రాఫిక్ అనే రైల్వే కాలనీలో మా క్వార్టర్‌లో ఉన్న ఇన్వర్టర్ బ్యాటరీకీ ఆయనే వైద్యుడు. నేను ఎక్కాలు నేర్చుకునే వయసులోనే మా ఇంట్లో ఇంకో ఎక్కం కూడా వినబడేది: "పన్నెండు ఓల్టుల బేటరీకి పద్నాలుగు పాయింటు నాలుగు ఎక్కాల. అప్పుడే దాని కడుపు నిండినట్టు." నేను అన్నం సగంలో వదిలేసి లేచిపోతుంటే నాకూ అదే లెక్క చెప్పి కూర్చోబెట్టేవాడు.

మా షెడ్డు యజమాని బెంగాలీ ఆయన, అందరం దాదా అని పిలిచేవాళ్లం. మాట పొదుపు మనిషి. ఓ శనివారం సాయంత్రం నన్ను పిలిచి, మూడు లిథియం సెల్లులు వరసగా కలిపి కట్టిన ప్యాక్ ఒకటీ, తన పాత పవర్ సప్లై ఒకటీ ముందు పెట్టాడు. ఆదివారం షెడ్డుకి కరెంటు ఉండదట, సోమవారం పొద్దున్న శాంపిల్ దీపం వెలగాలట. ఇంట్లో ఛార్జి చేసి తీసుకురా, సరిగ్గా చేస్తే ఛార్జింగ్ బల్ల నీదే, లేకపోతే అట్టపెట్టెలు ఉండనే ఉన్నాయి అన్నాడు. తర్వాత అంత పొదుపు మనిషీ అరగంట పాఠం చెప్పాడు. లిథియం సెల్లు నాలుగు పాయింటు రెండు ఓల్టులు దాటి ఒక్క మెతుకు కూడా ఓర్చుకోదు, దాటిస్తే వేడెక్కుతుంది, ఇంకా పెడితే అంటుకుంటుంది. మూడు సెల్లులకి పన్నెండు పాయింటు ఆరు. ముందు వైర్లు విడిగా ఉంచి ఓల్టులు పెట్టు, తర్వాత ఆంపియర్ల హద్దు పెట్టు, ఆ తర్వాతే ప్యాక్ తగిలించు. కరెంటు తగ్గి తగ్గి దాదాపు సున్నాకి రాగానే తీసెయ్యి. ఎక్కువైతే ఆపే రక్షణ బోర్డు ఇంకా రాలేదు, కాబట్టి ఆ బోర్డువి నువ్వే, పక్కనుంచి కదలకు. అన్నీ తల ఊపుతూ విన్నాను. తల ఊపడంలో నాకు డిప్లొమా కన్నా ముందునుంచే మంచి అనుభవం ఉంది.

ఆదివారం పొద్దున్న తొమ్మిదింటికి ముందు గదిలో బల్ల ఖాళీ చేయించి, పవర్ సప్లైని పెళ్లికొడుకుని కూర్చోబెట్టినట్టు మధ్యలో పెట్టాను. నాకున్న భయమల్లా ఒక్కటే, నాన్న. సీసం బ్యాటరీ అలవాటు కొద్దీ ఏ మరో తిప్పేసి నా బల్ల నాకు దక్కకుండా చేస్తాడని. అందుకని ఓ కాగితం మీద 'నాన్నా, ముట్టుకోవద్దు' అని పెద్దక్షరాలతో రాసి పవర్ సప్లై నుదుటి మీద అతికించాను. ఆయన కళ్లజోడు తుడుచుకుని శ్రద్ధగా చదివి, పేపరు పట్టుకుని కిటికీ దగ్గర కూర్చున్నాడు. ఆ తర్వాత దాదా చెప్పిన వరస తప్పకుండా, ముందు ఓల్టులు, తర్వాత ఆంపియర్లు, చివర్న వైర్లు, ఇంట్లో అందరికీ వినబడేలా పైకి చెప్పుకుంటూ చేశాను. (అంకె మాత్రం పైకి చెప్పలేదు. అంత చిన్న సంగతి ఎవరికి కావాలి అనుకున్నాను.)

రెండున్నర గంటలు కదలకుండానే కూర్చున్నాను, అబద్ధమెందుకు. కానీ ఆదివారం మా ఇంట్లో తలంటు రోజు. అమ్మ కుంకుడు రసం తీసి చల్లారిపోతోందని నాలుగుసార్లు కేకేసింది. చివరికి ఆవిడనే నా కుర్చీలో కాపలా పెట్టి, కాగితంలో ఉన్నట్టు నాన్నని ముట్టుకోనివ్వొద్దని ఒట్టు వేయించుకుని వెళ్లాను. తల నిండా నురగ, కళ్లు మూసుకుని ఉన్నాను. బయటనుంచి నాన్న గొంతు వినబడింది. "అమ్మలూ, నేను సుచ్చి కట్టేసినాను. ఓ పాలి ఇలాగ రా."

కుంకుడు రసం కళ్లలోకి కారుతుంటే, తువ్వాలు చుట్టుకుని, గోడలు తడుముకుంటూ వచ్చాను. నోటికొచ్చినట్టు మాట్లాడాను. నా ఉద్యోగం తీసేశావన్నాను. అమ్మని కూడా వదల్లేదు. ఆవిడ పాపం ఒట్టు తప్పలేదని వాదించింది. కాగితం మిషను మీద ఉంది గానీ బ్యాటరీ మీద లేదు, ఆయన మిషను ముట్టుకోలేదు, బ్యాటరీ ముట్టుకున్నాడు, గోడ మీద స్విచ్చి ముట్టుకున్నాడు, ఆ రెండిటికీ కాగితం లేదు. ఇంత న్యాయశాస్త్రం మా అమ్మకి తెలుసని ఆ రోజే తెలిసింది.

నాన్న చేసిందేమిటంటే, వాళ్ల సెక్షన్‌లో అందరూ చేసేదే. ఛార్జిలో ఉన్న బ్యాటరీల వరస పక్కనుంచి నడుస్తూ ప్రతి సెల్లుకీ చేతి వెనకభాగం ఆనించి చూస్తారు. అరచెయ్యి కాయలుగట్టి ఉంటుంది కాబట్టి దానికి వేడి అంత తొందరగా తెలియదు. ఆయన అలవాటుగా చెయ్యి ఆనించాడు. మూడూ వెచ్చగా ఉన్నాయి, నడుమది మరీ వేడిగా ఉంది.

"నీకు లిథియం గురించి తెలీదు నాన్నా," అన్నాను, కళ్లు మండుతూ.

"తెల్దమ్మా. సెయ్యికి తెల్సింది," అన్నాడు. తర్వాత మెల్లిగా అడిగాడు. "ఓల్టు ఎంత పెట్టినావు?"

"పద్నాలుగు పాయింటు నాలుగు," అన్నాను ధీమాగా.

అన్నాక నా మాట నాకే వినబడింది. మూడు నాలుగులు పన్నెండు, మూడు రెళ్లు ఆరు, పన్నెండు పాయింటు ఆరు. అరగంట పాఠమంతా విని, వరసంతా తు.చ. తప్పకుండా చేసి, అంకె దగ్గరికొచ్చేసరికి నా చెయ్యి చిన్నప్పటి ఎక్కం చెప్పింది. నాన్ననుంచి కాపాడాలని కాపలా పెట్టిన ప్యాక్‌లో, నాన్న సీసం బ్యాటరీల భోజనం స్వయంగా నేనే వడ్డించాను. మీటరు పెట్టి చూస్తే అప్పటికే పదమూడు ఓల్టులు. ఇంకో అరగంట ఆగి ఉంటే ఏమయ్యేదో అని చుట్టూ చూశాను. బల్ల వెనకే కర్టెన్లు, కర్టెన్ల పక్కనే మడతపెట్టిన పరుపులు, బల్ల ముందే నా కుర్చీలో కాపలాగా అమ్మ.

నాన్న వైర్లు తీసేసి, ఇనప తట్టలో పొడి ఇసుక పోసి, ప్యాక్‌ని పటకారుతో అందులో పెట్టి, పెరట్లో గోడకి దూరంగా దించాడు. కుర్చీలు తెచ్చుకుని అల్లంత దూరంలో ముగ్గురం కూర్చున్నాం, ఆసుపత్రిలో రోగి దగ్గర కూర్చున్నట్టు. నా జుట్టు నురగతోనే ఎండిపోయింది. పక్క క్వార్టర్ బెంగాలీ పిన్నిగారు కాకీమా గోడమీంచి చూసి ఏమైందని బెంగాలీలో అడిగింది. అమ్మ తడుముకోకుండా బ్యాటరీకి జ్వరమొచ్చిందని చెప్పింది. ఆవిడ పాపం నిజంగానే బాధపడి, తడిగుడ్డ వెయ్యమంది. ముగ్గురం ఒక్కసారే వద్దన్నాం. నాన్న పావుగంటకోసారి వెళ్లి తట్టమీద చెయ్యి పెట్టి చూసి, తల ఊపుతూ వచ్చేవాడు. మూడోసారో నాలుగోసారో వెళ్లి ప్యాక్‌కే చెయ్యి ఆనించి, "సల్లబడిపోనాది," అన్నాడు. ఆ మాట వినగానే నాకు ఏడుపొచ్చింది. కుంకుడు రసం వల్ల అని చెప్పాను.

ఏడుపు తగ్గాక అసలు బుద్ధి బయటపడింది. ప్యాక్ ఉబ్బలేదు, చల్లగా ఉంది, దీపానికి తగిలిస్తే వెలుగుతుంది. దాదాకి చెప్పకపోతే ఎవరికి తెలుస్తుంది? బల్ల నాది అవుతుంది. ఈ ఆలోచన పైకి అనలేదు గానీ, ప్యాక్‌ని తుడిచి సంచీలో సర్దుకునే తీరు చూసి నాన్న కనిపెట్టేశాడు. లోపలికెళ్లి సుద్దముక్క తెచ్చి నా చేతిలో పెట్టాడు. "మా కాడ అనుమానం సెల్లుకి గీత గీసెస్తాం. అది మరి బండెక్కదు," అన్నాడు. గీత తనే గీయొచ్చు. గీయలేదు. సుద్ద పట్టుకుని చాలాసేపు నిలబడ్డాను. ఆ దీపం ఏ ఊళ్లో ఏ పిల్ల పుస్తకం పక్కన వెలుగుతుందో అనుకున్నాక, అడ్డంగా గీత గీసేశాను.

సోమవారం పొద్దున్న దాదా ముందు ఆ ప్యాక్ పెట్టి, అంకెతో సహా అంతా చెప్పి, అట్టపెట్టెల వైపు చూపులు సిద్ధం చేసుకున్నాను. ఆయన సుద్ద గీతని వేలితో తడిమి, ఎవరు కనిపెట్టారని అడిగాడు. 'బాబా, చేత్తో' అన్నాను, మా నాన్న అని. ప్యాక్‌ని ఇసుక డబ్బాలో పెట్టించాడు. అల్మారా తెరిచి మూడు కొత్త సెల్లులు తీసి నా ముందు పెట్టాడు. "ఎబార్ నంబర్‌టా జోరే బొలో," అన్నాడు. ఈసారి అంకె గట్టిగా చెప్పు అని. పన్నెండు పాయింటు ఆరు అని చెప్పాను, షెడ్డంతా తిరిగి చూసింది. గుండెల మీంచి రైలింజను దిగిపోయినట్టయింది. శాంపిల్ దీపం ఆ రోజు మధ్యాహ్నం వెలిగింది.

అప్పుడే దాదా నేను తిరిగి తెచ్చిన పవర్ సప్లై మీది కాగితం చూసి, ఏం రాసి ఉందని అడిగాడు. నిజం చెప్పడానికి ఆ రోజు కోటా అప్పటికే అయిపోయింది. 'చెయ్యి ఆనించి చూడు' అని రాసి ఉందని చెప్పాను. మంచి మాట అని, చెరిగిపోకుండా దానిమీద పారదర్శకమైన టేపు అడ్డంగా వేయించాడు.

ఇప్పుడు ఆ బల్లకి నేనే పెద్దని. వేడి కొలిచే యంత్రాలూ, రక్షణ బోర్డులూ అన్నీ వచ్చాయి. అయినా తెలుగు రాని మావాళ్లు ఛార్జి పెట్టే ముందు ఆ కాగితం వైపు భక్తిగా చూసి, పెట్టాక ప్రతి సెల్లుకీ చేతి వెనకభాగం ఆనిస్తారు. మొన్నామధ్య, రిటైరైన నాన్న నేను మర్చిపోయిన క్యారేజీ ఇవ్వడానికి మొదటిసారి షెడ్డుకి వచ్చాడు. కళ్లజోడు తుడుచుకుని కాగితం చదివాడు, దాని ముందే మావాళ్లు సెల్లుల్ని వరసగా తాకడం చూశాడు. ఇదేటని అడిగితే, వాళ్లకి నేను చెప్పిన అర్థం చెవిలో చెప్పాను. కాసేపు నవ్వాపుకుని, చేతులు వెనక్కి కట్టుకుని, నన్నే అడిగాడు.

"మరి నేను ముట్టుకోవచ్చునా?"

ముట్టుకో నాన్నా, అన్నాను. ఆ పెద్దక్షరాలు రాసిన పిల్ల ఎదురైతే రెండు వడ్డిద్దామనిపించింది గానీ, పాపం, దాని తల నిండా నురగే కదా అని నవ్వుకున్నాను.