గోలు వెనక గొంతులు

గోలు కాసే మనిషికి బంతి ఒక్కటే శత్రువని చూసేవాళ్ళు అనుకుంటారు. బంతిదేముంది, ఎదురుగా వస్తుంది, కంటికి కనబడుతుంది, పట్టుకుంటే చేతికి దొరుకుతుంది. వీపు వెనక ఉండేవాటి సంగతి ఆ చోట నిలబడ్డవాళ్ళకే తెలుసు. తక్కినవాళ్ళంతా బంతి వెంట పరిగెత్తుతారు. గోలు కాసేది మాత్రం ఒకేచోట నిలబడి, ఆట ముగిసేదాకా వెనకనుంచి వచ్చే ప్రతి కూతా వినాలి. అవన్నీ విన్నదాన్ని కాబట్టే నా నోరు ఇలా తయారైంది. నన్ను గయ్యాళి అన్నవాళ్ళందరికీ ఇదే నా జవాబు.

కర్నూలు రాజధానిగా ఉన్న రోజుల్లో నేను జమ్మలమడుగులో హాస్టల్లో ఉండి చదువుకున్నాను. మాకొక దొరసాని టీచరు ఉండేది. ఇంగ్లండునుంచి వస్తూ ఒక తోలు బంతి తెచ్చుకుంది. సాయంత్రాలు మాచేత ఫుట్‌బాల్ ఆడించేది. నేను పొడుగు, పరుగులో మందం. అందుకని నన్ను గోలులో నిలబెట్టింది. మొదట ఏడ్చాను. దూసుకొచ్చిన బంతి నా చేతుల్లో ఆగిపోయిన రోజున మాత్రం, ఆ చోటు వదిలి ఎక్కడికీ పోనని మొండికేశాను.

మా గోలు వెనక మట్టిగోడ, గోడ అవతల పెన్నకు పోయే దారి. ఎద్దుల్ని కడగడానికి తోలుకుపోయేవాళ్ళూ, ఏ పనీ లేనివాళ్ళూ గోడకు గడ్డం ఆనించి నిలబడేవాళ్ళు. "ఏమ్మే, అత్తగారింట్లో గూడా ఇట్లనే ఎగరతావా?" అన్నది అందులో కాస్త మర్యాదైన మాట. మిగతావి రాయను. దొరసాని తనకొచ్చిన తెలుగులో, "తిరగొద్దు. నువ్వు తిరిగితే వాళ్ళు గెలిచారు" అనేది. నేను నమ్మాను. చదువు అయిపోయేదాకా ఒక్కసారి కూడా వెనక్కి చూడలేదు. అదేదో పెద్ద ఘనకార్యం అనుకున్నాను.

రాష్ట్రం పెద్దదై రాజధాని హైదరాబాదుకు మారాక, మద్రాసులో ట్రైనింగు ముగించుకొని ప్రొద్దుటూరులో ఒక ఆడపిల్లల బడిలో డ్రిల్లు టీచరుగా చేరాను. బీరువాలో ఎవరూ ముట్టని ఫుట్‌బాల్ ఒకటి కనబడింది. సైకిలు షాపులో గాలి కొట్టించి పిల్లలకు ఆట మొదలుపెట్టాను. వారం తిరక్కుండా బడి కమిటీ పెద్దాయన పిలిపించాడు. ఆయనకు బజారులో బట్టలంగడి ఉంది. పావడాలు చీలమండలు దాటి పైకి పోకూడదన్నాడు. మగవాళ్ళ కళ్ళు పడకూడదన్నాడు. సరే అన్నాను. ఆ పావడాల పుణ్యమా అని మా పిల్లల కాళ్ళ సందున బంతి పోయిందే లేదు.

గోలుకు నేను ఏరుకున్న పిల్ల కళాయి పూసే సాయిబు కూతురు. నాన్న కాల్చి ఇచ్చే గిన్నెల్ని పట్టకారుతో అందుకొని నీళ్ళలో ముంచే పని చిన్నప్పటినుంచీ చేసింది. ఆ చేతులకు తొణుకూ బెణుకూ లేదు. వాళ్ళ నాన్న బడికి వచ్చి ఒక్కటే అడిగాడు.

"మగోళ్ళు చూడరు కదా టీచరమ్మా?"

"చూడరప్పా. యాడ ఆడినా పరదా కట్టిస్తా."

"మీరు చెప్తే సరే" అని వెళ్ళిపోయాడు.

పులివెందులలో డ్రిల్లు టీచరు నాతోపాటు ట్రైనింగైన మనిషే. ఆమె కూడా ఒక జట్టును తయారుచేసింది. ఇద్దరం కలిసి మ్యాచి పెట్టుకున్నాం. కమిటీ పెద్దాయన మీసం దువ్వుకుంటూ, "పోయి రాండి. గెలవకపోయినా పర్వాల్యా, ఓడితిరంటే మాత్రం బంతి బీరువాలో పెట్టి బీగమేస్తా. మనూరి పరువు" అన్నాడు. నిన్నటిదాకా ఆడితే పోతుందన్న పరువు, ఇవాళ ఓడితే పోతుందట. నోటిదాకా వచ్చిన మాట మింగాను. పిల్లలకు ఆట కావాలి.

ముద్దనూరు మీదుగా బస్సులో పోయాం. తొండూరు దాటాక ఆ పిల్ల నా పక్కకు వచ్చి కూర్చుంది. "పరదా నిజంగా కడతారా టీచరమ్మా?" అని అడిగింది. కడతారన్నాను. కట్టారు కూడా. టూరింగు టాకీసువాళ్ళ దగ్గర డేరా గుడ్డలు అడిగి తెచ్చి, మైదానం చుట్టూ గుంజలు పాతి బిగించారు. లోపల ఆడవాళ్ళు తప్ప పురుగు లేదు. మా పెద్దాయన కూడా తన కారులో వచ్చాడు. పిల్లల బాగోగులు చూడాలి కదా అని, ఆట అయ్యేదాకా బంధువుల అంగట్లో కూర్చుంటానన్నాడు. వెదుళ్ళు పాతి, పైన తాడు కట్టిన గోలు. దాని వెనక, చెయ్యి చాస్తే తగిలేంతలో డేరా గుడ్డ.

మొదటి సగంలో ఎవరూ గోలు వెయ్యలేదు. మా పిల్ల పడి లేచి, పడి లేచి అన్నీ ఆపింది. మోచేతులు చెక్కుకుపోయాయి. విరామంలో నీళ్ళు తాగుతూ మెల్లగా చెప్పింది.

"టీచరమ్మా, గుడ్డ వెనకాల ఎవురో ఉండారు. నేను పడినప్పుడల్లా 'మల్లొక తూరి పడమ్మే, సరిగ్గా కనపడల్యా' అంటాండారు."

"ఎవురు?"

"తెలీదు. ముసిలి గొంతు."

ఈలోగా విజిలు మోగింది. నాకు తెలిసిన మంత్రం ఒక్కటే, అదే చెప్పాను. వినబడనట్టుండు, తిరగొద్దు, ఎట్లాగూ ఇప్పుడు అవతలి గోలుకు పోతాం కదా అన్నాను.

అవతలి గోలుకు పోయాం. ఆ గొంతులు కూడా వచ్చాయి. ఈసారి నేను గోలు గీత పక్కనే ఉన్నాను కాబట్టి నాకూ వినబడ్డాయి. గుడ్డకు బీడీలతో కాల్చిన కంతలు కనబడ్డాయి. మైదానం చుట్టూ తిరిగి, ఒక పసిపిల్ల వెంటబడి వచ్చారంటే వాళ్ళది ఎంత ఓపికో చూడండి! నేను లేచి, బయటికి పోను పరదాకు వదిలిన సందు వైపు పరుగెత్తబోయాను. అంతలో పులివెందుల పిల్ల ఒకతె గట్టిగా తన్నింది. మా పిల్ల గాల్లోకి లేచి బంతిని అందుకొని, గుండెకు హత్తుకొని నేలమీద పడింది. వెనకనుంచి అదే మాట, కిసుక్కున నవ్వు.

పిల్ల లేచింది. పావడా దులుపుకుంది. బంతిని ముందుకు తన్నాల్సింది, వెనక్కి తిరిగింది. నవ్వు వచ్చిన చోటు చూసుకొని, ఉన్న బలమంతా పెట్టి తన్నింది.

బంతి రెండు వెదుళ్ళ మధ్యనుంచి పోయి గుడ్డను కొట్టింది. "అబ్బా" అని కేక. గుంజ ఊడి గుడ్డ మొత్తం కూలింది. వెనక నాలుగు కుర్చీలు, తమలపాకుల పళ్ళెం, ముక్కు పట్టుకొని మా కమిటీ పెద్దాయన. కంచే చేను మేయడమంటే ఏమిటో ఆ రోజు కళ్ళారా చూశాను. మగవాళ్ళ కళ్ళు పడకూడదన్న నోటితోనే, కంతలో కన్ను పెట్టి, మళ్ళీ పడమని అడిగాడు!

పులివెందుల టీచరు ఆటలో నిక్కచ్చి మనిషి. నావైపు దిగులుగా చూసి విజిలు ఊదింది. మా గోలులో మేమే వేసుకున్నా గోలు గోలే. ఆ ఒక్క గోలుతో ఓడిపోయాం.

మరునాడు బంతి బీరువాలోకి పోయింది. ఓడారు కదా అని కబురు. నాకు అరికాలి మంట నెత్తికెక్కింది. బేరాలు జోరుగా సాగే వేళ చూసుకొని ఆయన అంగడికి పోయాను. పెళ్ళి బట్టలకు వచ్చిన ఆడవాళ్ళు పరుపు మీద కూర్చొని ఉన్నారు. ఆయన ముక్కు వాపు ఇంకా తగ్గలేదు. తలుపు తగిలిందని అందరికీ చెప్పుకుంటున్నాడట.

"రా టీచరమ్మా, చీరలు చూపియ్యమందునా?"

"చీరలకు రాలేదప్పా. ఒక అనుమానం ఉండాది. పులివెందుల్లో ఆ గోలు లెక్కకొస్తాదా, రాదా? నేను పక్కన యాడో ఉంటి. మీరు కుర్చీ ఏసుకోని, గుడ్డ కంతలోనించి దగ్గరగా చూస్తిరి. మీరే చెప్పాల."

ఆడవాళ్ళు చేతుల్లోని చీరలు వదిలేసి ఆయన ముక్కు వైపు చూశారు. ఆయన తల ఎత్తలేదు. "బీగాలు పంపిస్తాలే, పోమ్మా" అన్నాడు, మడతలోనే ఉన్న చీరను మళ్ళీ మడతపెడుతూ.

బీగాలు వచ్చాయి. బంతి మైదానంలోకి వచ్చింది. పిల్ల మాత్రం రాలేదు. వాళ్ళ నాన్న వచ్చాడు.

"ఆయప్ప ముక్కు వాచిందంట కదా?"

"వాచింది."

"మా పాప తప్పేం ల్యా. దాన్ని నేను ఒక్క మాట గూడా అనల్యా. అయితే పరదా ఉంటాదని మీరు చెప్తిరి, నేను నమ్మితి. ఇంగ పంపను టీచరమ్మా."

తిట్టి ఉంటే బాగుండేది. తిట్టలేదు. దండం పెట్టి వెళ్ళిపోయాడు.

బీరువా తెరిపించింది ఆ పిల్ల. ఆ బంతితో ఆడుకున్నది తక్కిన పిల్లలు. ముక్కు వాచిన పెద్దమనిషి కమిటీలో అదే కుర్చీలో, అదే మీసంతో ఇంకా చాలా కాలం కూర్చున్నాడు. ఇది తలుచుకుంటే ఇప్పటికీ నాకు ఒళ్ళు మండుతుంది, అన్నం సహించదు.

ఆ తర్వాత నేను పరదా కట్టించలేదు. చూసేవాడు ఎవడైనా ఎదురుగా కూర్చొని, తన మొహం మాకు కనబడేటట్టు చూడాలన్నాను. దానికి ఒప్పుకోని ఊరికి పిల్లల్ని తీసుకుపోలేదు. రిటైరయ్యేదాకా చాలామందికి గోలు కాయడం నేర్పాను. దూకడం, పట్టడం తర్వాత. వెదుళ్ళ మధ్య నిలబెట్టి మొదట చెప్పే మాట వేరే.

"వెనకాల ఎవుడన్నా కూస్తే తిరుగుమ్మే. వాని మొగం చూడు. గోలు పడితే పడనీ, ఆ సంగతి నేను చూసుకుంటా."