సమ్మె అయిపోయిందని చెప్పాను

ఎన్నో ఏళ్ళుగా ఒక్క మాట నా గొంతులో ఇరుక్కుని ఉంది. మింగలేను, కక్కలేను. మీరెవరో నాకు తెలియదు కాబట్టే మీకు చెప్పగలుగుతున్నాను.

నేను జైల్లో ఖైదీలకు వడ్రంగం నేర్పేవాణ్ణి. ఏ జైలో అడగకండి. మా సిబ్బందికి యూనియన్ ఉండేది. జెండా పట్టుకుని ఆబిడ్స్‌లో గొంతు చించుకున్నవాళ్ళలో నేనూ ఒకణ్ణి. ఖైదీలకు అలాంటిదేమీ లేదు. రంపప్పొడిలో దగ్గుతూ, ఇచ్చిన కూలి పుచ్చుకుని, చెప్పిన పని చెయ్యాలి. అంతే.

నాంపల్లిలో బల్లలు చేసే ఒక కార్ఖానాలో మిషన్ రంపానికి ఒకతని వేళ్ళు తెగిపోయాయి. రక్షణ ఏర్పాట్లు చేసేదాకా పని ముట్టుకోబోమని అక్కడి వడ్రంగులు సమ్మెకు దిగారు. యజమాని ఆ బల్లల పనిని మా జైలుకు మళ్ళించాడు. మా ఖైదీల్లో యాదగిరి అనే అతను లోపలికి రాకముందు ఆ కార్ఖానాలోనే పనిచేసేవాడు. అతను రంపం పట్టకుండా నా దగ్గరికి వచ్చాడు.

"సార్, నాంపల్లిల మావోళ్ళు పని బంద్ పెట్టిన్రంట గదా. ములాఖత్‌ల మా ఇంటామె చెప్పింది. గీ బల్లలు గాళ్ళు చేసేటివేనా?"

"అది పాత మాట. రాజీ అయిపోయింది. అందరూ పనిలోకి వెళ్ళిపోయారు."

"నిజమా సార్?"

"నీకు అబద్ధం చెబితే నాకేం వస్తుందయ్యా?"

"గట్లయితే ఫికర్ లేదు."

అతను పనిలోకి దిగాడు. అతన్ని చూసి మిగతావాళ్ళూ దిగారు. బల్లలు బయటికి వెళ్ళాయి, అక్కడ సమ్మె విరిగిపోయింది.

ఇంతకీ నాకేం వచ్చింది? ఇదే అంతుబట్టదు. అబద్ధం చెప్పమని పైవాళ్ళెవరూ అనలేదు. పని ఆగితే నన్నడుగుతారన్న భయమా? లేక ఖైదీ కూడా చెయ్యనంటాడా అన్న ఒళ్ళుమంటా? ఇంకా వింతేమిటంటే, లోపల శిక్ష అనుభవిస్తున్నవాడికి బయటి సమ్మెతో ఏం పని? చెయ్యనంటే శిక్ష తగ్గింపు పోతుందని తెలిసి కూడా అడిగాడే! జెండా మోసిన నాకు తట్టని ఆలోచన అతనికెలా తట్టింది? నిజంగా తెలుసుకోవాలని ఉంది, అడిగే మొహం లేదు.

విడుదలయ్యాక యాదగిరి నాంపల్లి స్టేషన్ దగ్గర ఎదురుపడ్డాడు. కార్ఖానాలో తోటివాళ్ళు అతన్ని గడప తొక్కనివ్వలేదట. జైల్లో కూర్చుని తమ కడుపు కొట్టాడన్నారట. నామీద మాత్రం కోపం లేదు. నాకు కూడా ఎవరో తప్పు చెప్పి ఉంటారని అతని నమ్మకం! ఒక్కసారి వచ్చి ఆ మాట వాళ్ళతో చెప్పమని బతిమాలాడు. వస్తానన్నాను. వెళ్ళలేదు. ఛీ, నా బతుకు! చేతిలో అంత పనితనం ఉన్నవాడు ఇప్పుడు ఉస్మాన్‌గంజ్‌లో మూటలు మోస్తున్నాడు.

నాకెవరూ తప్పు చెప్పలేదు. ఆ రోజు పొద్దున నేను ఆ కార్ఖానా ముందు నుంచే డ్యూటీకి వెళ్ళాను. వడ్రంగులు గేటు దగ్గర కూర్చునే ఉన్నారు. యూనియన్ మనిషినని నన్ను ఎరిగినవాళ్ళే. ఒకాయన పిలిచి చాయ్ ఇచ్చాడు. తాగి, తిన్నగా జైలుకు వెళ్ళి యాదగిరితో ఆ మాట అన్నాను.

హమ్మయ్య. చెప్పేశాను.