తెర మీద మస్తాన్ అన్న పేరు

పొద్దున షాపు తెరిచి కంప్యూటర్ వేయగానే పాత విండోస్ పాట వినబడుతుంది. అది వింటే నాకు ఇప్పటికీ కోపం వస్తుంది. ఐదో తరగతితో చదువు ఆపేసినదాన్ని, ఇట్లా రాయడం ఇదే మొదలు. అయినా మస్తాన్ అన్న గురించి రాయకపోతే ఆ కోపం పోయేలా లేదు.

నెల్లూరులో మా షాపులో పెళ్లికార్డులు వేస్తాం. కార్డులు మడత పెట్టడానికి చేరిన నన్ను అక్కడ టైపు కొట్టే మస్తాన్ అన్నే పక్కన కూర్చోబెట్టుకుని టైపు నేర్పాడు. ఒత్తు తప్పు పడితే తిట్టేవాడు కాదు. ఆ పేరు గలవాళ్లు చూస్తే ఏమనుకుంటారని అడిగేవాడు. అది తిట్టుకన్నా గట్టిగా తగిలేది.

ఒకరోజు పాత కంప్యూటర్ కాలిపోయింది. కార్డులన్నీ సీడీల్లో ఉన్నాయి కానీ, కొత్తదాంట్లో తెరిస్తే తెలుగు బదులు పిచ్చిగీతలు వచ్చాయి. ఆ తెలుగు అక్షరాలు పాత విండోస్‌లోనే కనబడతాయట. ఓనరుగారి అల్లుడు ఇంజనీరు. కొత్త కంప్యూటర్ లోపలే పాత విండోస్ ఎక్కిస్తానని కూర్చున్నాడు. వర్చువల్ మెషిన్ అంటారట. దానికి మెమరీ దండిగా ఇచ్చాడు. ఎన్నిసార్లు ఎక్కించినా మధ్యలోనే ఆగిపోయింది. ఇక కాదు, ఆ సీడీలు పారేసి అన్నీ మళ్లీ టైపు చేయించమని చెప్పి వెళ్లిపోయాడు. అవి అన్న ఇరవై ఏళ్లు కూర్చుని కొట్టిన కార్డులు.

అన్న లేచి కార్డుల దారం కిందికి దించాడు. వేసిన ప్రతి కార్డులోనూ ఒకటి దారానికి గుచ్చి ఉంచడం మా షాపులో అలవాటు. అందులో మొట్టమొదటిది అన్న పెళ్లికార్డు. విండోస్ ఎక్కించేటప్పుడు అడిగే నంబరు దాని వెనకే రాసి పెట్టుకున్నాడు. అది చూసి కొట్టి, మెమరీ బాగా తగ్గించాడు.

“ముసిలోడికి దండిగా పెడితే అరగదు మా,” అన్నాడు.

మధ్యాహ్నానికల్లా పాట వినబడింది. కార్డులన్నీ అక్షరం పోకుండా తెరుచుకున్నాయి.

మర్నాడు ఓనరుగారు వచ్చినవాళ్లందరికీ అది అల్లుడు చేసిన పనేనని చెప్పుకున్నారు. అన్న అక్కడే టైపు కొట్టుకుంటూ ఉన్నాడు. నాకు ఒళ్లు మండింది.

“ఏందన్నా, అల్లుడి పేరు చెప్పుకుంటా ఉంటే ఊరుకుంటావా?”

“కార్డులు పోలేదు గదా మా.”

ఓనరుగారి ముందు నేనూ నోరెత్తలేదు. ఎవరి పేరూ తప్పు పడకూడదని నేర్పినవాడి పేరే తీసేస్తుంటే చూస్తూ కూర్చున్నాను.

కిందటేడు అన్న పోయాడు. ఓనరుగారు ఇంకా అల్లుడనే చెబుతున్నారు. అందుకే, తెర మీద ఆ వర్చువల్ మెషిన్ తెరిచేచోట ‘పాతది’ అని ఉంటే, తీసేసి ‘మస్తాన్’ అని కొట్టాను. ఓనరుగారు చూసి మార్చమన్నారు.

“నేను మార్చను సార్. అల్లుడుగారిని రమ్మనండి. చేసినోళ్లకి తెలుస్తుంది గదా ఎట్టా మార్చాలో.”

అల్లుడుగారు రాలేదు. పేరు అట్లాగే ఉంది. స కింద త ఒత్తు సరిగా పడిందో లేదో చూసుకున్నాకే రోజూ పని మొదలుపెడతాను.